రెండు మూడు కంప్యూటర్లలో ఒకే గేమ్ ఆడుతుంటే సేవ్‌లు పోకుండా సింక్ చేసుకోవడం ఎలా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది: డెస్క్‌టాప్ ఉంది, లాప్‌టాప్ ఉంది, ఈ మధ్యే స్టీమ్ డెక్ (చేతిలో పట్టుకుని ఆడే గేమింగ్ కంప్యూటర్) కూడా వచ్చింది. మూడింట్లోనూ అవే గేములు. కొన్నిటికి స్టీమ్ క్లౌడ్ (స్టీమ్ స్టోర్ తన సర్వర్‌లో సేవ్‌లు దాచే ఏర్పాటు) ఉంది, కొన్నిటికి లేదు, కొన్ని వేరే స్టోర్లలో కొన్నవి. పోయిన వారం డెస్క్‌టాప్‌లో ఆడిన గేమే లాప్‌టాప్‌లో తెరిస్తే 40 గంటల సేవ్ రావాల్సిన చోట పది రోజుల కిందటిది వచ్చింది. అన్ని గేముల సేవ్‌లనీ ఒక్కటే చూసుకునే సాఫ్ట్‌వేర్ ఏదైనా ఉందా అని అడిగారు.

జవాబుకన్నా ముందు ఒక మాట. ఆ గేమ్‌ని ఇప్పుడు ఏ మెషీన్‌లోనూ తెరవకండి, డెస్క్‌టాప్‌లో అసలే తెరవకండి. మీ 40 గంటల సేవ్ డెస్క్‌టాప్ డిస్క్‌లో ఇంకా ఉండే అవకాశం బాగా ఉంది. దాన్ని బయటికి తీసే పద్ధతి చివర్లో రాశాను, టెన్షన్‌గా ఉంటే ముందు అదే చదవండి.

ఇక అసలు జవాబు. అన్నిటికీ ఒకటే సాఫ్ట్‌వేర్ అని వెతకొద్దు. గేమ్‌కి సొంత క్లౌడ్ ఉంటే దాన్నే వాడండి, దాని మీద ఇంకేదీ పెట్టకండి. సొంత క్లౌడ్ లేని గేములకి సింక్‌థింగ్ అనే ఫోల్డర్లు సింక్ చేసే టూల్ పెట్టుకోండి. ఈ రెండు రకాలకీ కలిపి లూడుసావీ అనే సేవ్ బ్యాకప్ టూల్‌తో విడిగా బ్యాకప్ తీయండి. నేను చాలా ఏళ్లుగా నాలుగు మెషీన్ల మధ్య ఇలాగే నడుపుతున్నాను. మొదట్లో రెండుసార్లు సేవ్‌లు పోగొట్టుకున్నాను, రెండుసార్లూ తప్పు సాఫ్ట్‌వేర్‌ది కాదు, నేను తెరిచిన వరసది. అందుకే ఏ టూల్ పెట్టుకున్నా ఒక నియమం మాత్రం తప్పకూడదు: ఒక సమయంలో ఒక్క కంప్యూటరే ఆ సేవ్‌లో రాయాలి, రాసింది పూర్తిగా బయటికి వెళ్లిందని చూసుకున్నాకే రెండో కంప్యూటర్‌లో గేమ్ తెరవాలి. కింద నేను చెప్పేదంతా ఈ ఒక్క నియమం చుట్టూనే తిరుగుతుంది.

స్టీమ్ క్లౌడ్ ఎప్పుడు పనిచేస్తుందో తెలిస్తే సగం గొడవ తీరిపోతుంది. చాలామంది అది ఆడుతున్నంతసేపూ వెనకాల అప్‌లోడ్ చేస్తూనే ఉంటుందనుకుంటారు. అలా కాదు. గేమ్ మొదలయ్యే ముందు ఒకసారి క్లౌడ్ నుంచి దించుకుంటుంది, గేమ్ పూర్తిగా మూసేశాక ఒకసారి పైకి పంపుతుంది. మధ్యలో మీరు ఇరవైసార్లు సేవ్ చేసినా అవన్నీ ఆ కంప్యూటర్ డిస్క్‌లోనే ఉంటాయి. ఇప్పుడు ఆలోచించండి, గేమ్ నడుస్తుండగానే లాప్‌టాప్ మూత మూసేసి బయటికి వెళ్లిపోతే ఏమవుతుంది? మెషీన్ నిద్రపోయింది, గేమ్ మూసుకోలేదు, కాబట్టి పైకి ఏదీ వెళ్లలేదు. అవతల డెస్క్‌టాప్‌లో అదే గేమ్ తెరిస్తే క్లౌడ్‌లో ఉన్న పాతదే దిగుతుంది. దాని మీద ఇంకో గంట ఆడి మూశారనుకోండి, ఇప్పుడు ఒకే గేమ్‌కి రెండు కథలు తయారైనట్టే. మీకు జరిగింది కూడా ఇదే అని నా అనుమానం. డెస్క్‌టాప్‌లో గేమ్ పాజ్ చేసి అలాగే స్లీప్‌లో పెట్టి ఉంటారు, లేదా గేమ్ మూయగానే అప్‌లోడ్ పూర్తయ్యే లోపే షట్‌డౌన్ కొట్టి ఉంటారు.

స్టీమ్ డెక్‌తో ఈ ప్రమాదం ఇంకా ఎక్కువ, ఎందుకంటే పవర్ బటన్ ఒక్కసారి నొక్కి పక్కన పడేయడమే దాని సుఖం. స్టీమ్ నడిపే వాల్వ్ కంపెనీ వాళ్లు దీనికోసం 2022లో డైనమిక్ క్లౌడ్ సింక్ అని ఒకటి తెచ్చారు, గేమ్ మూయకుండా డెక్‌ని నిద్రపుచ్చినా సేవ్ పైకి వెళ్లేలా. కానీ అది ఆ గేమ్ తయారుచేసినవాళ్లు తమవైపు నుంచి అమర్చుకుంటేనే పనిచేస్తుంది, అన్ని గేములకీ రాదు. కాబట్టి రాదనే లెక్క వేసుకోండి. డెక్ నుంచి వేరే మెషీన్‌కి మారుతున్న రోజు గేమ్‌ని పూర్తిగా మూసి, లైబ్రరీలో ఆ గేమ్ పేజీలో క్లౌడ్ గుర్తు పక్కన అప్‌లోడ్ అయిపోయిందని కనిపించాక పవర్ బటన్ నొక్కండి. కొన్ని సెకన్ల పని.

వేరే కంప్యూటర్ నుంచి అప్‌లోడ్ ఇంకా పూర్తి కాలేదని తెలిస్తే స్టీమ్ హెచ్చరిస్తుంది. అప్పుడు ఫర్వాలేదు తెరువు అని నొక్కేయకండి. అలాగే ఒక్కోసారి లోకల్ ఫైల్ ఉంచాలా, క్లౌడ్ ఫైల్ ఉంచాలా అని అడిగే పెట్టె వస్తుంది, రెండిటి పక్కనా తేదీ, టైమ్ ఉంటాయి. ఆ పెట్టె వచ్చినప్పుడు ఏదీ నొక్కకుండా ముందు లోకల్ సేవ్ ఫోల్డర్‌ని కాపీ చేసి అదే మెషీన్‌లో వేరేచోట పెట్టుకోండి. తర్వాత మీరు తప్పు నొక్కినా నష్టం లేదు. క్లౌడ్‌లో ఉన్న ఫైళ్లను కూడా స్టీమ్ వెబ్‌సైట్‌లో మీ అకౌంట్ వివరాల్లోకి వెళ్లి, స్టీమ్ క్లౌడ్ చూపించు అన్నచోట నుంచి బ్రౌజర్‌లోనే దించుకోవచ్చు, గేమ్ తెరవక్కర్లేదు. ఇది చాలామందికి తెలియదు, నాకు మాత్రం ఒకసారి ప్రాణం నిలబెట్టింది.

ఆ తేదీలనే గుడ్డిగా నమ్మొద్దు అని కూడా చెప్పాలి. ఒకే కంప్యూటర్‌లో విండోస్, లైనక్స్ రెండూ పెట్టుకున్నవాళ్లకి ఇది బాగా తగులుతుంది. మదర్‌బోర్డ్ మీదున్న గడియారాన్ని విండోస్ స్థానిక సమయంగా చదువుతుంది, లైనక్స్ మామూలుగా యూటీసీగా (ప్రపంచ ప్రామాణిక సమయంగా) చదువుతుంది. ఒకదాంట్లోంచి ఇంకోదాంట్లోకి మారినప్పుడు, ఇంటర్నెట్ నుంచి టైమ్ సరిచేసుకునే లోపు, గడియారం కొన్ని గంటలు అటో ఇటో ఉంటుంది. ఆ సందులో గేమ్ సేవ్ చేస్తే నిన్నటి ఫైల్ రేపటిదిలా కనిపిస్తుంది. సింక్ చేసే ప్రతి సాఫ్ట్‌వేర్ ఏదో ఒక దశలో ఫైల్ తేదీని చూస్తుంది కాబట్టి తప్పు ఫైల్ గెలిచిపోతుంది. లైనక్స్‌కి కూడా స్థానిక సమయమే వాడమని చెప్పేస్తే సరిపోతుంది, లేదా విండోస్‌ని యూటీసీకి మార్చుకోవచ్చు. ఏదో ఒకటి, రెండూ ఒకేలా ఉండాలి.

డెక్ నడిచేది లైనక్స్ మీద, అక్కడ ఇంకో చిక్కు. కొన్ని గేములకి విండోస్ వెర్షన్, సొంత లైనక్స్ వెర్షన్ రెండూ ఉంటాయి. రెండిటి సేవ్ ఫోల్డర్లు వేరే చోట్ల ఉంటాయి, ఆ రెండు దారులనీ క్లౌడ్‌లో కలిపే పని గేమ్ తయారుచేసినవాళ్లే చేయాలి. వాళ్లు చేయకపోతే డెస్క్‌టాప్‌లో క్లౌడ్ ఆన్, డెక్‌లో క్లౌడ్ ఆన్, అయినా సేవ్ మాత్రం రాదు. గంటలు గంటలు సెట్టింగులు తిరగేస్తారు, అక్కడ ఏమీ దొరకదు. డెక్‌లో ఆ గేమ్ ప్రాపర్టీస్‌లో కంపాటిబిలిటీ దగ్గర ప్రోటాన్‌ని (విండోస్ గేముల్ని లైనక్స్‌లో నడిపే సాఫ్ట్‌వేర్) బలవంతంగా ఎంచుకోండి. అప్పుడు విండోస్ వెర్షనే దిగుతుంది, చాలాసార్లు సేవ్‌లు కూడా వెంటనే కనిపిస్తాయి.

వేరే స్టోర్ల సంగతి త్వరగా చెప్పేస్తాను. గాగ్ స్టోర్ వాళ్ల యాప్ గాగ్ గెలాక్సీలో క్లౌడ్ సేవ్‌లు ఉన్నాయి, అయితే గేమ్‌కి ఇంత అని పరిమితి ఉంది, చాలా గేములకి అది 200 ఎంబీ. వందల సేవ్‌లు దాచుకునే అలవాటు ఉంటే పాతవి తీసేస్తూ ఉండండి. ఎపిక్‌లో కొన్ని గేములకి ఉంది, కొన్నిటికి లేదు. ఎక్స్‌బాక్స్ యాప్‌లో తీసుకున్న గేములు సేవ్‌ని మామూలు ఫైల్ పేర్లతో కాకుండా అంకెలు, అక్షరాలు కలగలిసిన పొడుగాటి పేర్లతో తన సొంత ఫోల్డర్‌లో దాస్తాయి, వాటిని ఎత్తి స్టీమ్ వెర్షన్‌లో పెడితే సాధారణంగా చదవదు. అంటే ఒకే గేమ్‌ని డెస్క్‌టాప్‌లో ఒక స్టోర్ నుంచి, లాప్‌టాప్‌లో ఇంకో స్టోర్ నుంచి ఆడుతూ సింక్ చేద్దామనుకుంటే అది వేరే తలనొప్పి, వీలైతే అన్నిచోట్లా ఒకే స్టోర్‌ది పెట్టుకోండి. బాల్డర్స్ గేట్ 3, విచర్ 3 లాంటివాటిలో తయారీదారు సొంత అకౌంట్‌తో క్రాస్ సేవ్ ఉంది, అలాంటివి ఉంటే హాయిగా అదే వాడండి. ఆన్‌లైన్ సర్వర్‌లో నడిచే గేములకి అసలు ఈ బెంగే లేదు, పాత్రలూ పురోగతీ వాళ్ల దగ్గరే ఉంటాయి.

ఇప్పుడు క్లౌడ్ లేని గేములు. ముందు సేవ్ ఎక్కడుందో పట్టుకోవాలి. విండోస్‌లో ఇదొక పెద్ద సంత. డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్ అనే ఫోల్డర్‌లో కొన్ని (స్కైరిమ్ అక్కడే), యూజర్ ఫోల్డర్‌లోని సేవ్డ్ గేమ్స్‌లో కొన్ని (సైబర్‌పంక్ 2077), యాప్‌డేటా కింద రోమింగ్‌లో కొన్ని (స్టార్‌డ్యూ వ్యాలీ, మైన్‌క్రాఫ్ట్ జావా, ఎల్డెన్ రింగ్), యూనిటీ అనే గేమ్ ఇంజిన్‌తో చేసిన గేములు ఎక్కువగా యాప్‌డేటా కిందే ఉన్న LocalLow అనే ఫోల్డర్‌లో (హాలో నైట్), అన్‌రియల్ అనే ఇంజిన్‌తో చేసినవి యాప్‌డేటా లోకల్‌లో గేమ్ పేరు కింద సేవ్డ్, దానిలో సేవ్‌గేమ్స్. కొన్ని చిన్న గేములైతే పురోగతిని విండోస్ రిజిస్ట్రీలోనే (విండోస్ తన సెట్టింగులు దాచుకునే చోటు) రాసేస్తాయి, వాటిని ఏ ఫోల్డర్ సింకూ పట్టుకోలేదు. డెక్‌లో ప్రోటాన్‌తో నడిచే గేములకి స్టీమ్ ఒక ఉత్తుత్తి సీ డ్రైవ్ తయారుచేసి పెడుతుంది. స్టీమ్‌యాప్స్ కింద కంపాట్‌డేటా, అందులో గేమ్ నంబర్ ఉన్న ఫోల్డర్, అందులో పీఎఫ్‌ఎక్స్, లోపల విండోస్‌లో ఉన్నట్టే యూజర్ ఫోల్డర్లు. ఒక్కో గేమ్‌కి దారి కచ్చితంగా కావాలంటే పీసీ గేమింగ్ వికీలో గేమ్ పేరు కొట్టండి, సేవ్ ఎక్కడుందో, ఏ ఏ స్టోర్ క్లౌడ్ పనిచేస్తుందో పట్టిక వేసి ఉంటుంది. నేను కొత్త గేమ్ వేసిన రోజే ఆ పేజీ చూసుకుంటాను.

దారి దొరికాక సింక్‌థింగ్. ఇది ఉచితం, ఓపెన్ సోర్స్, మీ ఫైళ్లు ఎవరి సర్వర్‌లోనూ కూర్చోవు, మీ కంప్యూటర్లు ఒకదానితో ఒకటి నేరుగా మాట్లాడుకుంటాయి. విండోస్‌లోనూ లైనక్స్‌లోనూ నడుస్తుంది కాబట్టి డెక్‌తో కూడా సరిపోతుంది. సేవ్ ఫోల్డర్‌ని ఉన్నచోటే ఉంచి దాన్నే షేర్ చేయొచ్చు, ఒక మెషీన్‌లో దారి ఒకలా, ఇంకో మెషీన్‌లో ఇంకోలా ఉన్నా దానికి ఫరక్ పడదు. ఇదే నాకు అన్నిటికన్నా నచ్చిన విషయం.

దాని బలహీనత ఏంటంటే రెండు మెషీన్లూ ఒకే సమయంలో ఆన్‌లో ఉంటేనే ఫైల్ వెళ్తుంది. డెస్క్‌టాప్ ఆపేసి లాప్‌టాప్ తెరిస్తే మధ్యలో మోసేవాళ్లు ఎవరూ లేరు. అందుకే ఎప్పుడూ ఆన్‌లో ఉండే మూడో మెషీన్ ఒకటి ఉంటే ఈ ఏర్పాటు బాగా నడుస్తుంది. పాత లాప్‌టాప్, రాస్‌ప్‌బెర్రీ పై అనే చిన్న కంప్యూటర్, నాస్ బాక్స్ (ఇంటి నెట్‌వర్క్‌లో ఫైళ్లు దాచే పెట్టె), ఏదైనా సరే. సేవ్ ఫైళ్లకి పెద్ద శక్తి అక్కర్లేదు. అది లేకుండా కూడా చేయొచ్చు గానీ, మారే ముందు రెండిటినీ కాసేపు ఆన్‌లో ఉంచి రెండువైపులా అప్ టు డేట్ అని వచ్చేదాకా ఆగాలి. మార్పు కనిపించాక సింక్‌థింగ్ మామూలుగా పది సెకన్లు ఆగి పని మొదలుపెడుతుంది, అదీ గుర్తుంచుకోండి, గేమ్ మూసిన మరుక్షణం షట్‌డౌన్ చేస్తే ఆ పది సెకన్లలోనే దెబ్బతింటారు.

మొదటిసారి కలిపేటప్పుడు చాలా జాగ్రత్త కావాలి, నా మొదటి నష్టం అక్కడే జరిగింది. కొత్త లాప్‌టాప్‌లో ఒక పెద్ద ఆర్‌పీజీ వేశాను, పనిచేస్తుందో లేదో చూద్దామని ఒకసారి తెరిచాను. అది ఊరికే తెరవడమే, ఆడనైనా లేదు. గేమ్ మాత్రం ఖాళీ ప్రొఫైల్ ఒకటి తయారుచేసి, అసలు సేవ్‌కి ఏ పేరు ఉంటుందో అదే పేరుతో రాసేసింది. తర్వాత రెండు ఫోల్డర్లనీ కలిపితే, ఖాళీ ఫైల్ తేదీ కొత్తది కాబట్టి అదే గెలిచింది, రెండు నెలల ఆట దాని కింద పడిపోయింది. అప్పుడు నేను వాడుతున్నది వేరే సింక్ టూల్, పాత కాపీ ఉంచే సెట్టింగ్ నేను పెట్టలేదు.

ఇప్పుడు నేను చేసే పద్ధతి ఇది. కొత్త మెషీన్‌లో గేమ్ ఇన్‌స్టాల్ చేస్తాను, తెరవను. ఫోల్డర్ లేకపోతే చేత్తో ఖాళీది తయారుచేస్తాను, ఒకవేళ అప్పటికే ఏదైనా ఉంటే దాన్ని పక్కకి తరలిస్తాను. పాత మెషీన్‌లో ఆ ఫోల్డర్‌ని సెండ్ ఓన్లీ అని, కొత్త మెషీన్‌లో రిసీవ్ ఓన్లీ అని పెడతాను. అంతా దిగాక కొత్త మెషీన్‌లో తెరిచి, నా సేవ్ కనిపిస్తోందని కళ్లారా చూసుకున్నాక రెండువైపులా మామూలు మోడ్‌కి మారుస్తాను. ఐదు నిమిషాలు ఎక్కువ పడుతుంది, అంతే.

సింక్‌థింగ్‌లో రెండు మెషీన్లలోనూ ఒకే ఫైల్ మారిపోతే, తేదీ పాతదైన కాపీకి సింక్ కాన్‌ఫ్లిక్ట్ అన్న మాట, తేదీ, టైమ్ కలిపి పేరు మార్చి పక్కనే ఉంచుతుంది, పారేయదు. కాబట్టి అలాంటి ఫైల్ కనిపిస్తే కంగారుపడి డిలీట్ చేయకండి, మీకు కావలసింది అదే కావచ్చు. ఇంకా ఫైల్ వెర్షనింగ్ ఆన్ చేయండి, స్టాగర్డ్ అనేది ఎంచుకోండి. మొదటి గంటలో 30 సెకన్లకొకటి, మొదటి రోజు గంటకొకటి, మొదటి నెల రోజుకొకటి చొప్పున పాత కాపీలు ఉంచుకుంటూ పోతుంది. ఇక్కడ చాలామంది పొరబడే విషయం ఒకటుంది: ఆ వెర్షనింగ్ అవతలి మెషీన్ నుంచి వచ్చిన మార్పులకే పాత కాపీ దాస్తుంది, మీరు కూర్చున్న మెషీన్‌లో మీరే చేసిన మార్పుకి దాయదు. అందుకే దాన్ని ఆ మూడో మెషీన్‌లో ఆన్ చేయడం మంచిది. అక్కడికి వచ్చే ప్రతిదీ బయటినుంచి వచ్చేదే కాబట్టి ప్రతిదానికీ చరిత్ర మిగులుతుంది.

మరి వన్‌డ్రైవ్, డ్రాప్‌బాక్స్, గూగుల్ డ్రైవ్ వాడకూడదా అంటే, వాడొచ్చు. మూడో మెషీన్ పెట్టుకునే వీలు లేనివాళ్లకి అవే సులువు, పాత వెర్షన్లు కూడా కొన్ని ఉంచుతాయి. కానీ వాటిలో సేవ్ ఫోల్డర్‌ని ఉన్నచోట ఉంచి సింక్ చేయడం కుదరకపోతే అసలు ఫోల్డర్‌ని క్లౌడ్ ఫోల్డర్‌లోకి తరలించి, పాత చోట జంక్షన్ అనే లింక్ పెట్టాలి. విండోస్‌లో ఎంకేలింక్ అనే కమాండ్‌కి స్లాష్ జె తగిలిస్తే అది తయారవుతుంది. లింక్ ఎప్పుడూ ఫోల్డర్‌కే పెట్టండి, ఒక్క ఫైల్‌కి పెట్టకండి. చాలా గేములు ముందు తాత్కాలిక ఫైల్‌లో రాసి, తర్వాత దాని పేరు మార్చి అసలు ఫైల్ స్థానంలో పెడతాయి. ఫైల్‌కి లింక్ ఉంటే ఆ ఒక్క సేవ్‌తో లింక్ చెరిగిపోయి మామూలు ఫైల్ కూర్చుంటుంది, మీకు ఏ హెచ్చరికా రాదు, నెల తర్వాత చూసుకుంటే క్లౌడ్‌లో ఉన్నది నెల కిందటిది. ఇంకోటి, వన్‌డ్రైవ్‌లో స్థలం ఆదా కోసం ఫైల్ పేరు మాత్రమే ఇక్కడ ఉంచి లోపలి సరుకు ఆన్‌లైన్‌లో ఉంచే పద్ధతి ఉంది. ఇంటర్నెట్ లేనప్పుడు గేమ్ ఆ ఫైల్ తెరవలేదు. కొన్ని గేములు అప్పుడు సేవ్ లేదనుకుని కొత్తది మొదలుపెడతాయి. ఆ ఫోల్డర్ మీద రైట్ క్లిక్ చేసి ఎప్పుడూ ఈ డివైస్‌లోనే ఉంచు అనేది ఎంచుకోండి.

ఇక్కడే ఒక సంగతి తప్పక చెప్పాలి. ఒక ఒరలో రెండు కత్తులు పెట్టొద్దు. విండోస్ 11లో డాక్యుమెంట్స్ ఫోల్డర్ చాలామందికి తెలియకుండానే వన్‌డ్రైవ్‌లోకి వెళ్లిపోయి ఉంటుంది. అంటే డాక్యుమెంట్స్‌లో సేవ్ చేసే గేమ్‌కి వన్‌డ్రైవ్ ఒకవైపు, స్టీమ్ క్లౌడ్ ఇంకోవైపు పనిచేస్తుంటాయి. స్టీమ్ క్లౌడ్ నుంచి కొత్తది దించుతుంది, అదే సమయంలో వన్‌డ్రైవ్ ఆలస్యంగా మేలుకుని పాతది దించుతుంది, లేదా పేరు చివర కంప్యూటర్ పేరు తగిలించి ఇంకో కాపీ పెడుతుంది, గేమ్ దాన్ని కూడా ఇంకో సేవ్ అనుకుంటుంది. అడిగేవాళ్లలో చాలామందికి అసలు జబ్బు ఇదే. మీ లాప్‌టాప్‌లో డాక్యుమెంట్స్ దారి ఎక్కడ చూపిస్తోందో ఇప్పుడే చూసుకోండి, మధ్యలో వన్‌డ్రైవ్ పేరు ఉంటే, వన్‌డ్రైవ్ సెట్టింగుల్లో డాక్యుమెంట్స్ బ్యాకప్‌ని ఆపండి, లేదంటే ఆ గేమ్‌కి స్టీమ్ క్లౌడ్ ఆపండి. రెండూ ఉండకూడదు.

సేవ్ అంటే ఒకటే ఫైల్ అనుకోవద్దు. స్టార్‌డ్యూ వ్యాలీలో ఒక్కో పొలానికి ఒక ఫోల్డర్, అందులో అసలు ఫైల్ ఒకటి, సేవ్‌గేమ్‌ఇన్ఫో అని ఇంకోటి. లోడ్ మెనూలో కనిపించేది ఆ రెండోదాంట్లోంచి వస్తుంది. రెండూ ఒకేసారి రాకపోతే మెనూలో ఒక రోజు, లోపలికి వెళ్తే ఇంకో రోజు. స్కైరిమ్‌ని ఎస్‌కేఎస్‌ఈతో (చాలా మోడ్‌లకి, అంటే ఆటగాళ్లు చేసిన మార్పులకి, కావలసిన టూల్) ఆడేవాళ్లకి ప్రతి సేవ్ పక్కనా దాని జంట ఫైల్ ఒకటి ఉంటుంది, అది రాకపోతే మోడ్‌లు దాచుకున్నవి పోతాయి. మైన్‌క్రాఫ్ట్ జావా అన్నిటికన్నా కష్టం: ఒక ప్రపంచం అంటే వందల రీజియన్ ఫైళ్లు, గేమ్ ఆడుతుండగానే వాటిలో రాస్తూ ఉంటుంది. సగం కొత్తవి, సగం పాతవి వెళ్తే ప్రపంచంలో ముక్కలు ముక్కలుగా కోసినట్టు గోడలు, గుంతలు వస్తాయి. నేను మైన్‌క్రాఫ్ట్‌కి ఆటోమేటిక్ సింక్ మానేశాను. గేమ్ నడుస్తున్నంతసేపు సింక్‌థింగ్‌లో ఆ ఒక్క ఫోల్డర్‌ని పాజ్‌లో పెట్టి, మూశాక విడుస్తాను. దీనికి భిన్నంగా ఎల్డెన్ రింగ్‌లో పది పాత్రలూ ఒకే ఫైల్‌లో ఉంటాయి, సింక్ చేయడం తేలిక, కానీ పాత ఫైల్ ఒక్కటి వచ్చి పడితే పది పాత్రలూ వెనక్కి వెళ్తాయి.

సెట్టింగుల ఫైళ్లను సింక్‌లోకి రానివ్వకండి. డెస్క్‌టాప్‌లో పెద్ద మానిటర్‌కి పెట్టుకున్న రిజల్యూషన్, గ్రాఫిక్స్ డెక్‌లోకి వస్తే గేమ్ నత్తలా నడుస్తుంది. స్కైరిమ్‌లో అయితే సేవ్స్ ఫోల్డర్ ఒక్కటే షేర్ చేస్తే చాలు, దాని పైనున్న ఫోల్డర్ షేర్ చేస్తే సెట్టింగులు కూడా వచ్చేస్తాయి. ఎల్డెన్ రింగ్ లాగా రెండూ దగ్గరదగ్గరగా ఉన్న గేములకి సింక్‌థింగ్‌లో ఇగ్నోర్ ప్యాటర్న్స్ అనే చోట ఆ గ్రాఫిక్స్ ఫైల్ పేరు రాసేయండి. గేమ్ వెర్షన్ కూడా చూసుకోండి, ఒక మెషీన్‌లో అప్‌డేట్ అయి ఇంకోదాంట్లో అవ్వకపోతే కొత్త వెర్షన్‌లో చేసిన సేవ్‌ని పాతది తెరవకపోవచ్చు. మోడ్‌లు వాడుతుంటే రెండుచోట్లా అవే మోడ్‌లు, అవే వెర్షన్లు ఉండాలి.

ఇప్పుడు బ్యాకప్. సింక్ వేరు, బ్యాకప్ వేరు, ఇది నేను ఎంత గట్టిగా చెప్పినా తక్కువే. సింక్ మీ పొరపాటుని కూడా అంతే నమ్మకంగా అన్ని మెషీన్లకీ పంచుతుంది. ఒకచోట సేవ్ పాడైతే కాసేపట్లో అన్నిచోట్లా పాడవుతుంది. నా రెండో నష్టం అలాంటిదే, సేవ్ అవుతుండగా కరెంటు పోయి ఫైల్ సగమే రాసుకుంది, ఆ సగం ఫైల్ చక్కగా మూడు మెషీన్లకీ చేరిపోయింది.

లూడుసావీ ఉచితం, ఓపెన్ సోర్స్, విండోస్, లైనక్స్, మాక్ మూడింట్లోనూ ఉంది. పీసీ గేమింగ్ వికీ సమాచారం ఆధారంగా మీ దగ్గరున్న గేముల సేవ్‌లు తనే వెతుక్కుంటుంది, రిజిస్ట్రీలో ఉన్నవాటిని కూడా తీసుకుంటుంది, ఒక్కో గేమ్‌కి ఎన్ని పాత కాపీలు ఉంచాలో చెప్పొచ్చు. జాబితాలో లేని గేమ్‌ని మీరే చేర్చొచ్చు. నేను ఐదు కాపీలు ఉంచుతాను, వారానికోసారి తనంతట తనే నడిచేలా పెట్టాను, ఆ బ్యాకప్ ఫోల్డర్ సింక్ అయ్యే ఫోల్డర్లలో లేదు. ఇంకా ఏదైనా పెద్ద మార్పు ముందు, అంటే విండోస్ మళ్లీ వేయడం, కొత్త మెషీన్ కలపడం, మోడ్‌లు మార్చడం, వీటికి ముందు చేత్తో ఒకసారి నొక్కుతాను. తీసిన బ్యాకప్‌ని ఒక్కసారైనా వెనక్కి పెట్టి చూడండి, అది తెరుచుకుంటుందో లేదో అవసరం పడ్డ రోజు తెలుసుకోవడం బాగుండదు.

ఇక మీ 40 గంటల సేవ్. డెస్క్‌టాప్ దగ్గరికి వెళ్లి, ఆన్ చేసే ముందే నెట్ కేబుల్ తీసేయండి, వైఫై అయితే రూటర్ ఆపండి. మెషీన్ స్లీప్‌లో ఉండి గేమ్ ఇంకా తెరిచే ఉంటే అదృష్టం, గేమ్‌లోనే కొత్త స్లాట్‌లో ఒక సేవ్ చేసి మూయండి. మూసే ఉంటే స్టీమ్ తెరవకుండా నేరుగా సేవ్ ఫోల్డర్‌కి వెళ్లండి. తేదీలు చూసి, ఆ ఫోల్డర్ మొత్తాన్ని పెన్‌డ్రైవ్‌లోకి ఒక కాపీ, అదే డిస్క్‌లో వేరేచోట ఇంకో కాపీ చేయండి. కొన్ని గేములు పక్కనే బ్యాక్ అన్న ఎక్స్‌టెన్షన్‌తో తమ సొంత పాత కాపీ ఉంచుతాయి, అదీ తీసుకోండి. డాక్యుమెంట్స్ వన్‌డ్రైవ్‌లో ఉంటే వెబ్‌సైట్‌లో ఆ ఫైల్ వెర్షన్ హిస్టరీ, రీసైకిల్ బిన్ రెండూ వెతకండి. లాప్‌టాప్‌లో ఉన్న పాత సేవ్‌ని కూడా పారేయకుండా విడిగా కాపీ పెట్టండి.

కాపీలు చేతికొచ్చాక నెట్ కలిపి స్టీమ్ తెరిచి, గేమ్ తెరవకుండానే ప్రాపర్టీస్‌లో జనరల్ కింద ఆ గేమ్‌కి క్లౌడ్ ఆపేయండి. కాపీ చేసిన సేవ్‌ని ఫోల్డర్‌లో పెట్టి గేమ్ తెరవండి. సరైనదే వచ్చిందని చూసుకున్నాక, గేమ్‌లోంచి ఒకసారి కొత్తగా సేవ్ చేసి మూయండి, దానివల్ల తేదీ కొత్తదవుతుంది. అప్పుడు క్లౌడ్ మళ్లీ ఆన్ చేయండి. కాన్‌ఫ్లిక్ట్ పెట్టె వస్తే లోకల్ ఎంచుకోండి. అప్‌లోడ్ పూర్తయిందని కనిపించాకే లాప్‌టాప్ ముట్టుకోండి, అక్కడ అదే పెట్టె వస్తే ఈసారి క్లౌడ్ ఎంచుకోవాలి, తికమకలో లోకల్ నొక్కితే మళ్లీ పాతదే పైకి వెళ్తుంది.

డెస్క్‌టాప్‌లో కూడా పాతదే ఉంటే, గేమ్ పేరు, ఏ స్టోర్‌ది, డాక్యుమెంట్స్ దారి ఏం చూపిస్తోందో ఇక్కడ రాయండి, ఆ గేమ్ సేవ్‌లు ఇంకెక్కడ మిగిలి ఉండొచ్చో వెతికి చెప్తాను.